గుమ్మడికాయ కొట్టని షూటింగు

సినిమాల్లో నా పని, పారేయడానికి రికార్డు చేయడం. ఈ మాట అంటే వేళాకోళం అనుకుంటారు గానీ నా ఉద్యోగం నిజంగా అదే. షూటింగు జరిగే చోట నటులు మాట్లాడే మాటల్ని టేపు మీదకు ఎక్కించేవాణ్ణి. దాన్ని పైలట్ ట్రాక్ అంటారు. తర్వాత ఎప్పుడో మద్రాసులో, చల్లటి గదిలో, ఆ నటులో వాళ్ళకు బదులు వేరే గొంతులవాళ్ళో నా టేపు వింటూ అవే మాటలు మళ్ళీ శుభ్రంగా చెబుతారు. అది డబ్బింగు. కొత్త మాటలు బొమ్మకు అతికాక నా టేపుతో ఎవరికీ పని ఉండదు. చెరిపేసి ఇంకో సినిమాకు వాడుకుంటారు.

కాబట్టి షూటింగులో సౌండు మనిషికి దక్కే మర్యాద ఎంతో చెప్పనక్కర్లేదు. లారీ పోయిందనో, కాకి అరిచిందనో నేను చెయ్యెత్తితే, డైరెక్టరు నా వైపు తిరగనైనా తిరగకుండా "డబ్బింగులో చూసుకుందాంలే" అనేవాడు. డైరెక్టర్లు మారినా ఆ మాట మారలేదు. చివరికి పెళ్ళిభోజనంలో పప్పులో ఉప్పు తక్కువైనా నాకు ఆ మాటే గుర్తొచ్చేది. నా పనిని ఎవరూ తిట్టలేదు, మెచ్చుకోనూ లేదు. అసలు పట్టించుకోలేదు. కొన్నాళ్ళు పోయాక దానికి అలవాటు పడ్డాను, లేదా పడ్డానని అనుకున్నాను.

ఈ పనికి నన్ను తయారుచేసింది మా నాయన. చిత్తూరులో ఆయన మోటార్లకు వైండింగు కట్టేవాడు. పల్లెల నుంచి కాలిపోయిన మోటార్లు వస్తే విప్పి, కొత్త రాగితీగ చుట్టి పంపేవాడు. బిగించిన మోటారును తిప్పి చూసేటప్పుడు స్క్రూడ్రైవరు మొన దానికి ఆనించి, పిడి చెవికి పెట్టుకుని కళ్ళు మూసుకునేవాడు. లోపల బేరింగు అరిగిందో లేదో, నీళ్ళు అందుతున్నాయో గాలి పీలుస్తోందో అట్లా వింటే తెలుస్తుంది. నేనూ పక్కన కూర్చుని పెట్టుకునేవాణ్ణి. ఇప్పుడు హెడ్‌ఫోన్స్ అంటున్నాం గానీ, నా మొదటి హెడ్‌ఫోన్స్ ఆ స్క్రూడ్రైవరే. చదువు మీద కంటే దాని మీద నాకు ఎక్కువ ధ్యాస ఉండటం చూసి, "సెవులు పెట్టుకోని బతికే పని యాడన్నా ఉంటే సూడబ్బా, నీకు బాగా కుదరతాది" అని నాయన ఎగతాళి చేసేవాడు. ఆయన ఎగతాళికి అన్నది మద్రాసులో నిజంగానే దొరికింది.

తొంభైల్లో తెలుగు సినిమా కొంచెం కొంచెంగా హైదరాబాదుకు తరలిపోయింది. నేను మద్రాసులో గది అలాగే ఉంచుకుని, ఎక్కడ పిలిస్తే అక్కడికి పెట్టె పట్టుకుని పోయేవాణ్ణి. రెండువేలు దాటాక ఒకరోజు, ఒక సీనులో ఒక నటి భర్త చావు గురించి చెప్పే మాటలు రికార్డు చేశాను. ఆమె గొంతు మధ్యలో ఆరిపోయి, మళ్ళీ రాజుకుంది. ఇన్నేళ్ళలో నేను విన్నవాటిలో అంత మంచి రికార్డింగు లేదు. డబ్బింగులో వేరే అమ్మాయి వచ్చి అదే ఏడుపును తీరుగా, ముత్యాల్లాంటి అక్షరాలతో ఏడ్చి పోయింది. అది తెర మీద విన్నాక నాకు కడుపు మండిపోయింది. డబ్బింగు లేని సినిమా ఒకటి నేనే తీస్తానని ఆ రోజు నిర్ణయించుకున్నాను. షూటింగులో విన్నదే తెర మీద వినపడాలి. సౌండు మనిషి నిర్మాత అయ్యాడని తెలిసి నవ్వనివాళ్ళు లేరు.

కథ చిన్నది. వానల్లేని ఊళ్ళో ఒక ముసలామె, ఆమె ఆవు. మేత లేదు, నీళ్ళు లేవు. ఆవును సంతకు తోలాలా వద్దా అన్నదే కథ. డైరెక్టరుగా ఒక కుర్రాణ్ణి పెట్టుకున్నాను. నేను పనిచేసిన సినిమాల్లో సహాయకుడిగా ఉండేవాడు, అతనికి ఇదే మొదటి సినిమా. నిర్మాతనూ నేనే, సౌండూ నేనే. ఊరు కోసం చంద్రగిరి నుంచి వెతుక్కుంటూ పోయి, ఐరాల దగ్గర ఒక పల్లెలో ఆగాం. ఆ ఊళ్ళో పెద్ద రైతు ఒకాయన తన మిద్దె ఇంటిని మా కథకు ఇచ్చాడు. ఊళ్ళో అందరూ ఆయన్ను ఆసామి అనే పిలిచేవాళ్ళు. మీసాలకు రంగు వేసి, మొదటి రోజు నుంచీ ఇస్త్రీ చొక్కాతోనే తిరిగాడు. షూటింగు మొదలుపెట్టేటప్పుడు కొబ్బరికాయ, ముగించేటప్పుడు గుమ్మడికాయ కొట్టడం సినిమావాళ్ళ ఆనవాయితీ. ఆ సంగతి తెలుసుకుని, తన తోటలో కాసిన బూడిద గుమ్మడికాయను ముందుగానే తెచ్చి వసారా మూలన పెట్టాడు.

"ఆకరు రోజు కొట్టేది నా కాయే అప్పా. బయట కొనబాకండి" అన్నాడు.

మనిషి మంచివాడే. చిక్కంతా ఆయన కంప్రెసర్లతో వచ్చింది. మా వైపు బోర్లలో నీళ్ళు అడుగంటాక కంప్రెసర్లు దిగాయి. షెడ్డులో ఒక మోటారు, దానికి బెల్టు, ఒక గాలి పంపు. అది బోరు అడుగుకు గాలి కొడితే, మిగిలిన కాసిని నీళ్ళు ఆ గాలితో పాటు తుంపులు తుంపులుగా పైకి వస్తాయి. నీళ్ళ కంటే చప్పుడు ఎక్కువ. దబదబమని ఊరవతలకు కూడా వినపడుతుంది. ఆసామికి అలాంటివి రెండున్నాయి. షాటు తీసేటప్పుడు మాత్రం ఆపితే చాలని నేను అడిగితే, "అదెంత పనప్పా" అన్నాడు.

అక్కడ వ్యవసాయం కరెంటు ఎప్పుడొస్తుందో ఎవరికీ తెలియదు. అందుకని ప్రతి రైతూ స్టార్టరుకు ఆటోమేటిక్ పెట్టుకుంటాడు. కరెంటు రాగానే మోటారు దానంతట అదే లేస్తుంది. ఆసామి మోటారు ఆపేవాడు గానీ, ఆటోమేటిక్ తీసేయడానికి ఆయనకు చెయ్యాడేది కాదు. ముసలామెగా వేసిన నటి ఆవు మెడ నిమురుతూ, నేను ఈ సినిమా ఏ మాట కోసం తీస్తున్నానో ఆ మాట దగ్గరికి వచ్చేది. దబదబదబ. మొదటిసారి పాలేరు మరిచిపోయాడన్నాడు. ఆ తర్వాత స్టార్టరే సరిగా లేదన్నాడు. డైరెక్టరు నా చెవి దగ్గరికి వచ్చి, "సార్, ఈ ఒక్కచోట డబ్బింగులో..." అన్నాడు. దాంతో నాకు ఒళ్ళు తెలియకుండా కోపం వచ్చింది. అది కుర్రాడి మీద చూపించకుండా, వసారాలో పదిమంది ఉండగా ఆసామి మీద చూపించాను.

"నీ మాటకు ఇలువుందా అన్నా? ఉంటే ఉందని చెప్పు, లేకుంటే నేను వేరే ఊరు చూసుకుంటా."

ఆసామి ఏమీ అరవలేదు. తువ్వాలు దులిపి భుజాన వేసుకుని, మోటారు సైకిలు తీశాడు.

"నా మాటకు ఇలువ అడిగితివి గదప్పా. ఎక్కు బండి."

తీసుకుపోయింది కాణిపాకానికి. ఆ వినాయకుడి ముందు ప్రమాణం చేసి తప్పినవాడు బాగుపడడని మా వైపు నమ్మకం. గట్టు తగాదాలు, ఆస్తి పంపకాల పాలి తగాదాలు, కచేరీల్లో తేలనివి అక్కడ తేలతాయి. కోర్టులో ఎంత అబద్ధమైనా చెప్పగలిగినవాడు, కాణిపాకానికి పోదాం రమ్మంటే మాట మార్చేస్తాడు. ఇవన్నీ నాకు తెలుసు కాబట్టే దారి పొడుగునా, వద్దన్నా, కోపంలో అన్నానన్నా, అని బతిమాలుతూనే ఉన్నాను. ఆయన వినలేదు. కోనేట్లో తలారా మునిగి, తడిబట్టలతో పోయి నిలబడి, నాతో పాటు పూజారికీ వినపడేట్టు చెప్పాడు.

"షూటింగు అయిపోయిందని ఈయప్ప తన నోటితో సెప్పి, గుమ్మడికాయ కొట్టిందాకా నేను కంప్రెసర్లు ముట్టను. పగులూ లేదు, రేయీ లేదు. సామీ, నువ్వే సాచ్చి."

నేను అడిగింది షాటు జరిగేంతసేపు. ఆయన ఇచ్చింది మొత్తం. మా వైపు మనుషులతో ఇదే చిక్కు. రోషం వచ్చిందంటే అడిగినదానికి పదింతలు మన మొహాన కొట్టిపోతారు, తర్వాత నోరు కట్టుకుని కూర్చుంటారు. తిరుగు ప్రయాణంలో చలికి ఆయన పళ్ళు టకటక కొట్టుకున్నాయి. నాకు నవ్వూ వచ్చింది, సిగ్గూ వేసింది.

మర్నాడు హెడ్‌ఫోన్స్ పెట్టుకుంటే నేను ఎన్నడూ ఎరగని నిశ్శబ్దం. ఆవు నెమరు వేయడం, దూరంగా ఎవరో కొడవలి నూరడం, అంతే. వాటి వెనకాల ఇంకో చప్పుడు సన్నగా, ఆగకుండా ఉంది. నీళ్ళు పడుతున్న చప్పుడు. డైరెక్టరుకు హెడ్‌ఫోన్స్ ఇస్తే విని మొహం చిట్లించాడు.

"ఎండిపోయిన ఊరు కథ సార్ మనది. నీళ్ళేంది?"

అదేమిటో చూద్దామని మిద్దె వెనకనుంచి గట్టు దాటి పోయాను. చెరుకు తోట. దాని మొదట్లో ఒక బోరు, పైపు నిండుగా నీళ్ళు కాలువలో పడుతున్నాయి. కాలువ పక్కన కొంగు నడుముకు దోపి ఒకామె నీళ్ళు సాళ్ళలోకి మళ్ళిస్తూ మడవ కడుతోంది. నా మెడలో హెడ్‌ఫోన్స్ చూడగానే పార కింద పెట్టేసింది.

"నేనూ నిలపాల్నా సార్?"

ఆమె ఆసామికి మరదలు, చనిపోయిన తమ్ముడి భార్య. భాగాలు పంచుకున్నాక ఈ చేను ఆమెకు వచ్చింది. ఆమె బోరుకు అటొకటి ఇటొకటిగా గట్టు పొడుగునా ఆసామి బోర్లు వేసి కంప్రెసర్లు దింపాడు. అప్పటినుంచీ బావకూ మరదలికీ మాటల్లేవు. ఆమె చేలో ఆయన కాలు పెట్టడు, ఆయన ఇంటి గడప ఆమె తొక్కదు. ఆమెది బోరు లోపల నీళ్ళలోనే ఉండే చిన్న మోటారు. అది తిరుగుతుంటే పైకి చప్పుడే రాదు. అందుకే ఆమెను ఆపమని అడగాలన్న ఆలోచన కూడా మాకు రాలేదు.

"బావ కంప్రెసర్లు ఏస్తే నా బోరు గాలి పీలస్తాది సార్. నిన్నటిదాకా బొటనేలు లావుకు పడతా ఉణ్ణింది. రాత్రినుంచీ సూడండి, ఎట్ల పడతాండాదో. మీ పున్నెమే" అంది.

ఆమె తోటలో చెరుకు నరికే అదనుకు వచ్చింది. కానీ బెల్లం వండే గానుగ దగ్గర ఇంకా వంతు రాలేదు. ఊళ్ళో అందరి తోటలూ అయ్యాక ఆమెది. ఆలోపు ఆ ఎండలకు తడి లేకపోతే గడ బెండుబారిపోతుంది. గానుగలో పెడితే పిప్పి తప్ప ఏమీ రాదు.

"ఈ తోట పోతే ఇంగ నా వల్ల కాదు సార్. తిరప్తికి పోయి యాడన్నా హోటల్లో అంట్లు తోముకుంటా" అంది. ఏడుస్తూ చెప్పలేదు, లెక్క తేలిపోయిన విషయం చెప్పినట్టు చెప్పింది.

ఆపనక్కర్లేదని చెప్పి వచ్చేశాను. డైరెక్టరు మాత్రం ఊరుకోలేదు. నీళ్ళ చప్పుడుతో తన సినిమా పాడైపోతుందన్నాడు. ఆఖరికి "సరే, మిక్సింగులో తీసేద్దాం" అన్నాడు. పాత మాటకు కొత్త చొక్కా తొడిగినట్టు అనిపించింది గానీ, సరేనన్నాను.

మిగతా షూటింగు నిమ్మళంగా నడిచింది. నేను చెయ్యెత్తి "సౌండు కుదర్లేదు, ఇంకోసారి" అంటే మళ్ళీ తీసేవాళ్ళు. బతుకులో ఆ సుఖం నాకు అప్పుడే తెలిసింది. ముసలామె మాటలు నేను కోరుకున్నట్టే టేపులోకి దిగాయి, వెనకాల ఆ నీళ్ళతో సహా. ఆసామి కంప్రెసరు షెడ్డుకు తాళం వేసి, తాళంచెవి మొలతాడుకు కట్టుకుని తిరిగాడు. అయితే ఆయన టమాటా నారు పోసుకుని ఉన్నాడు. అది నాటడానికి నీళ్ళు కావాలి. ఉండేకొద్దీ ఆయన మా కాఫీల దగ్గరికి రావడం తగ్గిపోయింది. వస్తే ఒకటే ప్రశ్న.

"ఎంతకాడికి వచ్చిందప్పా మన షూటింగు?"

ఆఖరి షాటుకు ముందు రోజు ఆసామి మరదలు నన్ను వెతుక్కుంటూ గట్టు దాకా వచ్చింది. బావ ఇంటి వైపు అంతకంటే ముందుకు అడుగు వేయలేదు. నేనే దగ్గరికి పోయాను.

"అన్నా, గుమ్మడికాయ కొట్టబాకండన్నా. అయిపోయిందని మీ నోటితో అనబాకండి. గానుగ వంతు వచ్చిందాకా అంతే."

కాణిపాకంలో ఆసామి చేసిన ప్రమాణం అప్పటికి ఊరంతటికీ తెలుసు. కానీ దాని తాళంచెవి నా నోట్లో ఉందని కనిపెట్టింది ఈమె ఒక్కతే. నాకు చిరాకేసింది. ఎవరి పాలి తగాదాలో నన్ను లాగుతున్నారని గట్టిగానే అన్నాను.

"నేను సినిమా తీసేదానికి వచ్చినానా తల్లీ, నీ తోటకు కాపలా ఉండేదానికి వచ్చినానా?"

"రెండూ ఒగటే గదన్నా. నోరు మూసుకోని ఉండేదే గదా."

సౌండు మనిషి చేసే పని గురించి ఎవరూ నాతో అంత సూటిగా చెప్పలేదు.

మర్నాడు ఆఖరి షాటు అయింది. అందరూ చప్పట్లు కొట్టారు. డైరెక్టరు గుమ్మడికాయకు కుంకుమ పూసి, పైన కర్పూరం పెట్టి, అగ్గిపెట్టె నా చేతికిచ్చాడు. కొట్టాల్సింది నిర్మాతే. ఆసామి తాళంచెవి చేత్తో పట్టుకుని మెట్ల మీద నిలబడ్డాడు. నేను అగ్గిపెట్టె జేబులో వేసుకున్నాను.

"ఇంకా అయిపోలేదు. ఊరి సౌండు రికార్డు చెయ్యాలి. మాటలు లేనప్పుడు వెనకాల వినపడేది."

"అది మీరు ఎప్పుడైనా చేసుకోవచ్చు గదా సార్. షూటింగు అయిపోయినట్టే" అన్నాడు డైరెక్టరు.

"ఏం, సౌండు షూటింగు కాదా?" అన్నాను.

ఆమె కోసం అన్న మాటే అది. కానీ నోటినుంచి వచ్చాక, ఇన్నేళ్ళూ నేను అనాలనుకుని అనలేకపోయిన మాట కూడా అదేనని తెలిసింది. డైరెక్టరు నా వైపు పిచ్చివాణ్ణి చూసినట్టు చూశాడు. గుమ్మడికాయ కొట్టకుండా ఊరు వదలడం అరిష్టమని కెమెరావాళ్ళు గొణుక్కున్నారు. సాయంత్రానికల్లా వ్యాన్లు వెళ్ళిపోయాయి. నేను, టేపు, కుంకుమ పూసిన గుమ్మడికాయ మిగిలాం.

రోజూ పొద్దున్నే మైకు పట్టుకుని ఊళ్ళో ఎక్కడో ఒకచోట కూర్చునేవాణ్ణి. నిజంగానే రికార్డు చేశాను, నటన కాదు. ఒకరోజు ఆసామి వచ్చి పక్కన చతికిలబడ్డాడు. నేను హెడ్‌ఫోన్స్ తీసేదాకా ఆగి, నెమ్మదిగా అడిగాడు.

"కెమెరా లేకుండా షూటింగేందప్పా?"

"నేను సౌండువాణ్ణి గదన్నా. నాకింకా అయిపోలా."

ఆయన చెరుకు తోట వైపు చూశాడు. తర్వాత తన చేలో తలలు వాల్చేసిన టమాటా నారు వైపు చూశాడు.

"నాకు తెలీదనుకుంటాండావా? ఊర్లో పసిబిడ్డనడిగినా సెప్తాది ఏంటికి కూసోనుండావో. అయినా సామి కాడ సెప్పినా గదా. నువ్వు అయిపోయిందనిందాకా నేను ముట్టను. నువ్వు మాత్రం నిజంగా రికార్డు సెయ్యప్పా. ఉత్తమాటకు నా నారు ఎండబెట్టబాక."

నాకు ఇద్దరి మీదా జాలేసింది, ఇద్దరి మీదా కోపమూ వచ్చింది. గట్టుకు అటూ ఇటూ ఉన్న ఇద్దరు మనుషులు ఒకరితో ఒకరు చెప్పుకోవాల్సిన మాటలు తెచ్చి నాతో చెబుతున్నారు. నేను వాటిని ఎక్కడా కలపలేను. ఆ రోజు మొదలు ఇంకా శ్రద్ధగా రికార్డు చేశాను. ఆయన మాట నిలబెట్టుకుంటుంటే నేను దొంగపని చేయకూడదు కదా.

గానుగ వంతు వచ్చింది. ఊళ్ళో ఆడవాళ్ళు వచ్చి తోట నరికారు. గడ కండ మీదుంది, గానుగలో పెడితే రసం ధారగా కారింది. ఆమె పొయ్యి దగ్గరనుంచి ఇంకా గట్టిపడని వేడి బెల్లం ఆకులో పెట్టుకుని గట్టు దాకా తెచ్చి, నా చేతిలో పెట్టింది.

"ఇంగ కొట్టన్నా" అంది.

అప్పటికి గుమ్మడికాయ మీద కుంకుమ ఎండి రాలిపోయింది. మళ్ళీ పూశాను. కర్పూరం వెలిగించి, కెమెరా లేదు కాబట్టి నా మైకు చుట్టూనే తిప్పి, "షూటింగు అయిపోయింది" అని పైకి చెప్పి, వీధిలో కొట్టాను. ముక్కలు ఇంకా దొర్లుతుండగానే షెడ్డు తాళం తీసిన చప్పుడు వినపడింది. కాసేపటికి రెండు కంప్రెసర్లూ లేచాయి.

నేను మైకు తీసుకుని ఆమె బోరు దగ్గరికి పోయాను. ఎందుకు పోయానంటే చెప్పలేను, నాయన అలవాటు అనుకోవాలి. పైపుకు మైకు ఆనించి విన్నాను. నీళ్ళు నిండుగానే వస్తున్నాయి. కాసేపటికి వాటి మధ్య ఒక గురక మొదలైంది. తర్వాత గురకే ఎక్కువైంది. ఆమె వచ్చి పక్కన కూర్చుంటే హెడ్‌ఫోన్స్ ఆమె చెవులకు పెట్టాను. చాలాసేపు కదలకుండా వింది. నీళ్ళ వెనకాల, భూమి లోపలనుంచి, కంప్రెసర్ల దెబ్బ దబదబమని వినపడుతోంది.

"లోపల గూడా మా బావే ఉండాడన్నా" అని హెడ్‌ఫోన్స్ తీసి ఇచ్చేసింది.

సినిమా పూర్తయింది గానీ కొనేవాడు దొరకలేదు. కెమెరా ఊరు దాటాక గుమ్మడికాయ కొట్టడం వల్లనే ఇట్లా అయిందని డైరెక్టరు గట్టిగా నమ్మాడు. పరిహారంగా మొదటి రీలు డబ్బా నెత్తిన పెట్టుకుని అలిపిరి నుంచి కొండకు నడిచి వచ్చాడు. స్వామి కూడా దాన్ని కొనలేదు. మద్రాసులో ఒక పంపిణీదారు మొత్తం చూసి, అంతా బాగుంది, సౌండులో ఒక పెద్ద తప్పుంది అన్నాడు. కరువు ఊళ్ళో ఆగకుండా నీళ్ళు పడుతున్నాయట. తీసేస్తే ఆలోచిస్తానన్నాడు. మిక్సింగు గదిలో కూర్చుని నిజంగానే తీసేయబోయాను. మీట మీద వేలు పెట్టి, మళ్ళీ వేలు వెనక్కి తీసుకున్నాను. ఒక్కటైనా నేను పట్టిన శబ్దం పట్టినట్టు ఉండాలని తీసిన సినిమా అది. ఉండనీ అనుకున్నాను. మరుసటి నెలనుంచి మళ్ళీ వేరేవాళ్ళ సినిమాలకు పైలట్ ట్రాకులు రికార్డు చేయడానికి పోయాను.

మరుసటి వేసవి కూడా దాటాక, చిత్తూరులో ఒక హాలువాళ్ళను అడిగి ఉదయం పూట ఒక్క ఆట వేయించాను. ఆ ఊరివాళ్ళందరినీ పిలిచాను. ఆసామి ఇస్త్రీ చొక్కాతోనే వచ్చాడు గానీ మీసాలకు రంగు లేదు. ఆయన కంప్రెసర్లు గాలి తప్ప ఏమీ ఎత్తడం లేదని, ఇంకా లోతుకు వేసిన కొత్త బోరులో మట్టి పొడి లేచిందని వాళ్ళే చెప్పారు. ఆయన మరదలు తిరుపతి నుంచి బస్సులో వచ్చింది. ఆ తోట తర్వాత ఆమె బోరులో మళ్ళీ నీళ్ళు పడలేదు. చేను బీడు పెట్టి, కొండకు వచ్చేవాళ్ళు దిగే ఒక సత్రంలో ఊడ్చే పనికి చేరింది. హాల్లో ఆసామి ముందు వరసలో కూర్చున్నాడు. ఆమె ఆయన వెనక వరసలో కూర్చుంది. నేను ఆమె పక్కన కూర్చున్నాను.

తెర మీద ముసలామె ఆవు మెడ నిమురుతూ ఆగిపోయింది. మాటల్లేవు. హాలంతా నీళ్ళు పడుతున్న చప్పుడు. జనంలో కొందరు తలలు తిప్పి పక్కలకు చూసుకున్నారు, బయట వానేమో అనుకుని. పక్కన కూర్చున్నామె చెయ్యి నా మోచేతి మీద పడింది.

"అది మా బోరు గదన్నా" అంది.

ముందు వరసలో ఆసామి మెడ నిలిపి వింటున్నాడు. ఆయన ఆ చేలో కాలు పెట్టి ఎన్నో ఏళ్ళు. ఆ నీళ్ళను కళ్ళతో ఎన్నడూ చూడలేదు. ఆ సీను అయిపోయేదాకా ఆగి, మెల్లగా వెనక్కి తిరిగాడు. చూసింది నన్ను కాదు.

"ఇన్ని నీళ్ళు పడేటివామ్మా నీ బోర్లో?"

ఆమె కొంగుతో మొహం తుడుచుకుంది.

"నువ్వు నిలిపితే పడేటివి బావా" అంది.